యజమానుని హక్కు, పనివాని న్యాయము



చిక్కబళ్ళాపురము, బాగేపల్లి, చింతామణి ప్రాంతాల్లో స్థిరపడిన మన తెలుగు బాప్టిస్టు కుటుంబాల్లో ఉపాధ్యాయులు లేని ఇల్లు అరుదు. నెల్లూరు, ప్రకాశం, కర్నూలు, అనంతపురం జిల్లాల నుండి మన పెద్దలు వచ్చినప్పుడు కొందరు చేతిలో పలక, బలపములతోనే వచ్చారు. అందుచేత పాఠశాల సంగతి మనకు పరాయి సంగతి కాదు. ఈ నెల నేను వ్రాయదలచినది కొంత ఇబ్బందికరమైన విషయము. మైనారిటీ యాజమాన్యము క్రింద నడిచే పాఠశాలల్లో పదోన్నతుల గురించి ఉపాధ్యాయులు కోర్టుకు వెళ్తున్నారు. ఇది తప్పా? ఎవరి తప్పు? చట్టము మనకిచ్చిన హక్కును మనము ఎలా వాడుకోవాలి?

ముందుగా ఒక సంగతి ఒప్పుకోవాలి. నేను ఈ విషయములో ప్రక్కన నిలబడి చూసినవాడను కాను. కొన్ని సంవత్సరాల క్రితము ఒక పాఠశాల కమిటీలో నేనొక సభ్యుడను. ఏ ఊరో, ఏ పాఠశాలో చెప్పను. చెప్పవలసిన అవసరము లేదు. ప్రధానోపాధ్యాయుని స్థానము ఖాళీ అయ్యింది. సీనియారిటీ జాబితాలో మొదటి పేరు ఒక సహోదరిది. ఇరవై ఏడు సంవత్సరాల సర్వీసు ఆమెది. ఇంట్లో తెలుగు, బడిలో కన్నడము అనే ఇబ్బందితో వచ్చే మన పిల్లలకు మొదటి తరగతిలో అక్షరము అందించిన చేయి. కమిటీ ఆమెను దాటి పదకొండు సంవత్సరాల సర్వీసు ఉన్న మరొకరిని నియమించింది. ఆయనకు అర్హతలు ఉన్నవి. ఆ మాట నిజమే. ఆయన కమిటీలోని ఒక పెద్దకు అల్లుడు. ఆ మాట కూడ నిజమే. తీర్మానానికి చేతులెత్తమన్నప్పుడు నేనూ ఎత్తాను.

ఆ సహోదరి మరుసటి వారము మా ఇంటికి వచ్చి ఒకే మాట అడిగింది. "అన్నా, నేను ఎందుకు తగనో ఒక్క కారణము చెప్పండి, చాలు." నేను చెప్పలేకపోయాను. "కమిటీ నిర్ణయమమ్మా, మైనారిటీ సంస్థ కదా, మనకు ఆ హక్కు ఉన్నది" అన్నాను. ఆమె కాఫీ కూడ త్రాగకుండా వెళ్లిపోయింది. రెండు నెలల తరువాత హైకోర్టు నోటీసు వచ్చింది.

ఆ రోజు నేను చెప్పిన మాట చట్ట ప్రకారము చాలవరకు సరైనదే. కాని అది జవాబు కాదు. ఎందుకు కాదో నాకు తెలియడానికి చాలా కాలము పట్టింది. ఆ తెలిసిన కొంచెమును మీతో పంచుకొనుటకే ఈ వ్యాసము.

చట్టము ఏమి చెప్పుచున్నది?

భారత రాజ్యాంగములోని 30వ అధికరణము మతమును బట్టి గాని, భాషను బట్టి గాని అల్పసంఖ్యాకులైన వారికి తమకిష్టమైన విద్యాసంస్థలను స్థాపించుకొని నిర్వహించుకొనే హక్కును ఇచ్చింది. 2002 అక్టోబరు 31న టి.ఎం.ఏ. పాయ్ ఫౌండేషన్ కేసులో పదకొండుమంది న్యాయమూర్తుల ధర్మాసనము, ఎవరు అల్పసంఖ్యాకులో రాష్ట్రమును ప్రమాణముగా తీసుకొని లెక్కించాలని తేల్చింది. ఆ కేసు పుట్టినది మన కర్ణాటకలోనే. బాగేపల్లి సంతలో నిలబడితే ఎటు విన్నా తెలుగే వినబడుతుంది. అయినా రాష్ట్రము మొత్తము మీద చూస్తే మనము భాషలోనూ అల్పసంఖ్యాకులము, విశ్వాసములోనూ అల్పసంఖ్యాకులము. చట్టము మనకు రెండు గొడుగులు ఇచ్చినట్టే.

ఈ గొడుగు క్రింద ప్రధానోపాధ్యాయుని ఎంపిక చేసుకొనే స్వేచ్ఛ కూడ వస్తుందా అనే ప్రశ్న అనేకసార్లు సుప్రీంకోర్టు ముందుకు వచ్చింది. 1998లో కేరళలోని ఎంజే హైస్కూలు కేసులో, ఆ పాఠశాలలో సీనియరైన ఎన్. అమ్మద్ అనే ఉపాధ్యాయుడు తనకు రావలసిన స్థానము తనకు ఇవ్వలేదని వాదించాడు. కోర్టు ఆయన వాదమును అంగీకరించలేదు. పాఠశాలకు అధిపతిని ఎన్నుకొనుట నిర్వహణలో అతి ముఖ్యమైన భాగమనీ, అర్హతలున్న వ్యక్తిని మైనారిటీ యాజమాన్యము సీనియారిటీతో నిమిత్తము లేకుండా నియమించుకొనవచ్చుననీ తీర్పు చెప్పింది. 2006లో మలంకర సిరియన్ కాథలిక్ కళాశాల కేసులో కూడ అదే మార్గము. ప్రభుత్వము నుండి ఎయిడు తీసుకొన్నంత మాత్రాన ఆ స్వేచ్ఛ పోదన్నది. అర్హతలను, సర్వీసు నిబంధనలను ప్రభుత్వము నిర్ణయించవచ్చును. అర్హులలో ఎవరు అన్నది యాజమాన్యము నిర్ణయించుకొనవచ్చును.

ఇంతవరకే చదివి పుస్తకము మూసేస్తే మా కమిటీ గెలిచినట్టే. కాని న్యాయస్థానాలు ఇంతటితో ఆగలేదు. 1958లోనే, కేరళ విద్యా బిల్లు విషయములో, నిర్వహించే హక్కు అంటే చెడుగా నిర్వహించే హక్కు కాదని సుప్రీంకోర్టు స్పష్టముగా చెప్పింది. 1980లో హైదరాబాదు ఆల్ సెయింట్స్ హైస్కూలు కేసులో, ప్రైవేటు విద్యాసంస్థలపై ఆంధ్రప్రదేశ్ 1975లో చేసిన చట్టమును పరిశీలించి, అందులో కొన్ని నిబంధనలు మైనారిటీ సంస్థలకు వర్తించవనీ, కొన్ని వర్తిస్తాయనీ వేరు చేసింది. 1986లో ఢిల్లీలోని ఫ్రాంక్ ఆంథోనీ పాఠశాల కేసులో, మైనారిటీ పాఠశాల అన్న కారణముతో అక్కడి ఉపాధ్యాయులకు ఇతర పాఠశాలల ఉపాధ్యాయులతో సమానమైన జీతభత్యాలను చట్టము ఎగవేయడము చెల్లదన్నది. ఆ తీర్పు వ్రాసినవారు మన తెలుగువాడైన జస్టిస్ ఓ. చిన్నప్పరెడ్డి గారు. తరువాత కర్ణాటకలో వెనుకబడిన తరగతుల కమిషన్‌కు అధ్యక్షత వహించినది కూడ ఆయనే. 1987లో వేలూరు క్రైస్తవ వైద్య కళాశాల ఉద్యోగుల కేసులో, పారిశ్రామిక వివాదాల చట్టము క్రైస్తవ సంస్థకు కూడ వర్తిస్తుందని చెప్పింది. జబ్బు చేస్తే మనము బస్సెక్కి వెళ్లే ఆ వేలూరే.

చివరగా 2017లో గోవా నుండి ఒక కేసు వచ్చింది. ఐవీ దా కోన్సెయ్‌సావ్ అనే ఉపాధ్యాయిని, మైనారిటీ పాఠశాలలో అధిపతి స్థానానికి జరిగిన ఎంపికలో తనకు అన్యాయము జరిగిందన్నది. సుప్రీంకోర్టు ఆ సందర్భములో, మైనారిటీ సంస్థకు స్వేచ్ఛ ఉన్నది గాని న్యాయముగా, దాపరికము లేకుండా ప్రవర్తించవలసిన బాధ్యత నుండి ఆ స్వేచ్ఛ విడుదల ఇవ్వదనీ, అన్యాయము జరిగిందనే ఫిర్యాదును హైకోర్టు పరిశీలించవచ్చుననీ చెప్పింది.

ఇవన్నీ కలిపి చూస్తే నాకు అర్థమైనది ఇది. ఎంచుకొనే హక్కు మనది. కాని ఎలా ఎంచుకొన్నామో చెప్పుకోలేని స్థితి మనకు రాకూడదు. ఆ సహోదరి మా ఇంట్లో అడిగినది సరిగ్గా ఇదే. ఆమె ఏ చట్ట పుస్తకమూ చదవలేదు.

యజమానుని ఉపమానము

కమిటీ సమావేశములో ఆ రోజు ఒక పెద్ద మత్తయి సువార్త 20వ అధ్యాయము తీశారు. ద్రాక్షతోట యజమానుడు ఉదయమే వచ్చిన కూలివానికీ, సాయంకాలము వచ్చినవానికీ ఒకే దేనారము ఇచ్చాడు. ముందు వచ్చినవారు సణిగితే, తన సొత్తును తన ఇష్టము వచ్చినట్టు ఇచ్చే హక్కు తనకు లేదా అని యజమానుడు అడిగాడు. "సీనియారిటీ వాదము ఆనాడే తోసివేయబడినది" అని ఆ పెద్ద అన్నారు. మేము నవ్వాము కూడ.

తరువాత ఆ అధ్యాయమును ఒంటరిగా చదివినప్పుడు మా నవ్వు నాకే సిగ్గు కలిగించింది. ఆ యజమానుడు ముందు వచ్చినవానికి ఏమీ తగ్గించలేదు. ఒప్పుకొన్న కూలి ఒప్పుకొన్నట్టే ఇచ్చాడు. అడిగినవానికి అందరి ముందు కారణము చెప్పాడు. అన్నిటికంటె ముఖ్యముగా, సాయంకాలపు కూలివానికి ఇచ్చిన దేనారము తన సంచిలోనుండి తీసి ఇచ్చాడు. మేము ఇచ్చినది ఎవరి సంచిలోనిది? ప్రధానోపాధ్యాయుని కుర్చీ కమిటీ సొత్తు కాదు. ఆ పాఠశాల స్థలము ఎవరో దానము చేశారు. గోడలు సంఘపు కానుకలతో లేచాయి. జీతము ప్రభుత్వ ఖజానా నుండి, అంటే మన పొరుగువారందరి పన్నులనుండి వస్తుంది. మేము యజమానులము కాము, గృహనిర్వాహకులము. యజమానుని ఔదార్యమును గృహనిర్వాహకుడు అరువు తెచ్చుకొని, ఇతరుల సొత్తుతో తన అల్లునికి మేలు చేస్తే, ఆ ఉపమానములో అతనికి చోటు లేదు. అతనికి చోటున్న ఉపమానము వేరే ఉన్నది. అది లూకా సువార్త 16వ అధ్యాయములో ఉన్నది.

ఇంకొక మాట కూడ ఆ రోజు వచ్చింది. దేవుడు యెష్షయి కుమారులలో పెద్దవారిని దాటి చిన్నవాడైన దావీదును ఎన్నుకొనలేదా? ఎన్నుకొన్నాడు. కాబట్టి సీనియారిటీయే సర్వస్వము అని నేను చెప్పను. ట్రైనింగు చదివిన రోజుల నుండి ఇన్ని సంవత్సరాలు పాఠశాలల మధ్యనే గడిపిన నాకు ఒక సంగతి తెలుసు. మంచి ఉపాధ్యాయులందరూ మంచి ప్రధానోపాధ్యాయులు కారు. లెక్కలు చూడాలి, తల్లిదండ్రులతో మాట్లాడాలి, బి.ఇ.ఓ. కార్యాలయమునకు తిరగాలి, సాటి ఉపాధ్యాయుని తప్పు ఎత్తి చూపే ధైర్యము ఉండాలి. ఏండ్లు గడిచినంత మాత్రాన ఇవి రావు. చాక్‌పీసు పట్టిన చేయి ఎంత పాతదైతే అంత తగినదని ఎవరూ అనలేరు.

అయితే దావీదును ఎన్నుకొనుటకు వెళ్లిన సమూయేలు గురించే మరొక అధ్యాయము ఉన్నది. మొదటి సమూయేలు 8వ అధ్యాయము. ఆయన తన స్వంత కుమారులనే న్యాయాధిపతులుగా నియమించాడు. వారు లంచములు తీసుకొని న్యాయమును త్రిప్పివేశారు. ఇశ్రాయేలు పెద్దలు కూడివచ్చి మాకు రాజు కావాలని అడుగుటకు అదొక కారణమైనది. ప్రవక్త అంతటివాడు కూడ తన బిడ్డల విషయములో సరిగా చూడలేకపోయాడు. మనము ఏపాటివారము? దావీదును ఉదాహరణగా చెప్పదలచినవారు ఆ ఎనిమిదవ అధ్యాయము కూడ చదివి చెప్పాలని నా విన్నపము. సీనియరును దాటవచ్చును. కాని ఆ దాటుట పాఠశాల కొరకే జరిగిందని చూపగలగాలి. లబ్ధి పొందినవాడు మన బంధువైనప్పుడు ఆ చూపవలసిన బాధ్యత రెట్టింపు అవుతుంది.

కోర్టుకు వెళ్లుట పాపమా?

నోటీసు వచ్చిన తరువాత మా సంఘములో జరిగినది ఇంకా బాధాకరము. మొదటి కొరింథీయులకు 6వ అధ్యాయము ఒక్కసారిగా అందరి నోట వినబడసాగింది. విశ్వాసి విశ్వాసిని అవిశ్వాసుల ఎదుటికి ఈడ్చవచ్చునా అన్నారు. ఆదివారము ఆ సహోదరి కూర్చున్న బెంచీలో ఖాళీ కనబడేది. ఆమె సండేస్కూలు తరగతిని "కేసు తేలేవరకు" అని చెప్పి మరొకరికి అప్పగించారు. అప్పుడు కూడ నేను ఏమీ అనలేదు.

పౌలు గారి ఆ అధ్యాయమును నేను తేలికగా తీసుకొనను. సహోదరుల వ్యాజ్యెము సంఘమునకు అవమానమే. కాని ఆ అధ్యాయమును ఎవరికి చదివి వినిపించాలి? పౌలు ఆ మాట వ్రాసి, వెంటనే, మీరే సహోదరులకు అన్యాయము చేయుచున్నారు, వారి సొత్తు అపహరించుచున్నారు అని కూడ గద్దించాడు. నష్టమును సహించుమని చెప్పే మాట నష్టపోయినవాడు తనకు తాను చెప్పుకొంటే అది ఓర్పు. నష్టపరచినవాడు అతనికి చెప్తే అది మరొక అన్యాయము. పైగా పౌలు అడిగిన మొదటి ప్రశ్న మనము మరచిపోయాము. సహోదరుల మధ్య తీర్పు తీర్చగల బుద్ధిమంతుడు మీలో ఒక్కడైనా లేడా అన్నాడాయన. ఆమె వచ్చినది ముందు నా గుమ్మమునకే. సంఘ పెద్ద గుమ్మమునకు. అక్కడ బుద్ధిమంతుడు దొరకనందుచేతనే ఆమె హైకోర్టు మెట్లు ఎక్కింది. అప్పుడు అవమానము ఎవరిది?

అదే పౌలు ఫిలిప్పీలో న్యాయవిచారణ లేకుండా కొట్టించి చెరసాలలో వేయించిన అధికారులు రహస్యముగా విడిచిపెడతామంటే ఒప్పుకొనలేదు. వారే వచ్చి బయటికి తీసుకొని పోవాలన్నాడు. ఫేస్తు ఎదుట కైసరుకు చెప్పుకొందునన్నాడు. దేశపు చట్టములో తనకున్న హక్కును అడుగుట అవిశ్వాసమని ఆయన తలచలేదు. సంఖ్యాకాండము 27వ అధ్యాయములో సెలోపెహాదు కుమార్తెలు ఐదుగురు మోషే ఎదుట, యాజకుని ఎదుట, సమాజమంతటి ఎదుట నిలువబడి తమ తండ్రి స్వాస్థ్యమును అడిగారు. మోషే వారిని తిరుగుబాటుదారులు అనలేదు. వారి వ్యాజ్యెమును దేవుని సన్నిధికి తీసుకొనిపోయాడు. దేవుడు వారు చెప్పినది యుక్తమేనన్నాడు. అడిగినవారు ఆడపిల్లలు, ముందు అటువంటి ఆచారము లేదు, అయినా అడుగుట తప్పు కాలేదు.

కోర్టు మార్గము ఎంత కష్టమో కూడ మనము తెలుసుకోవాలి. 1995లో అమలులోకి వచ్చిన కర్ణాటక విద్యా చట్టములో, ఉద్యోగములోనుండి తొలగించిన లేక హోదా తగ్గించిన ఉపాధ్యాయునికి జిల్లా న్యాయమూర్తి కూర్చుండే అప్పీలు ట్రిబ్యునలు ఉన్నది. పదోన్నతి ఇవ్వకపోవుట హోదా తగ్గించుట క్రిందకు రాదని వకీలు చెప్పినందున ఆమె బెంగుళూరులో రిట్ పిటిషన్ వేసింది. తెల్లవారుజామున మొదటి బస్సు. సెలవు పెట్టుకోవాలి, ఆ సెలవు మంజూరు చేయవలసినది తాను ఎవరి నియామకమును ప్రశ్నిస్తున్నదో ఆ ప్రధానోపాధ్యాయుడే. మధ్యాహ్నము వరకు బయట బల్ల మీద కూర్చొంటే వాయిదా. పాఠశాల తరపున వకీలుకు డబ్బు పాఠశాల నిధులనుండి వెళ్లింది; ఆమె వకీలుకు ఆమె జీతములోనుండి. ఈ రెండు సంచుల తేడాను కూడ నేను చాలా ఆలస్యముగా గమనించాను.

కేసు విచారణకు రాకముందే ఆమె పదవీ విరమణ చేసింది. ఆ తరువాత కేసులో తేలవలసినది పెద్దగా మిగలలేదు. కమిటీ గెలిచిందని కొందరు అన్నారు.

మన పితరులు చూపిన మాదిరి

ఇక్కడ మన స్వంత చరిత్రలోనుండి ఒక సంగతి చెప్పాలి. 1876 నుండి 1878 వరకు వచ్చిన గొప్ప కరువులో ఒంగోలులోని జాన్ క్లౌ దొరగారు బకింగ్‌హామ్ కాలువ త్రవ్వకములో ఒక భాగమును కాంట్రాక్టు తీసుకొని వేలమందికి పని, కూలి ఇప్పించారు. ఆ కాలములో బాప్తిస్మము కోరి వచ్చినవారు చాలామంది ఉన్నా ఆయన బాప్తిస్మములను ఆపివేశారు. అన్నము కొరకు విశ్వాసమును అడిగారన్న మాట రాకూడదనీ, విశ్వాసము కొరకు అన్నము పెట్టారన్న మాట రాకూడదనీ ఆయన జాగ్రత్త. కరువు సహాయము ముగిసిన తరువాతనే, 1878 జూలై 3న, గుండ్లకమ్మ ఏటిలో ఒక్క రోజున 2,222 మంది బాప్తిస్మము పొందారు. ఆ సంఖ్యను మనము వార్షికోత్సవములలో గర్వముగా చెప్పుకొంటాము. ఆ సంఖ్యకు ముందున్న ఆ జాగ్రత్తను మాత్రము మరచిపోతాము.

కూలిని, సభ్యత్వమును ఆయన వేరుగా ఉంచారు. మన పాఠశాలల్లో పదోన్నతులను, సంఘములోని వర్గములను మనము వేరుగా ఉంచుచున్నామా? పాస్టరుగారి ఎన్నికలో ఎవరు ఏ ప్రక్క నిలబడ్డారన్నది ఉపాధ్యాయుని సర్వీసు పుస్తకములోకి రాకుండా చూచుచున్నామా? ఇది మన ప్రాంతము ఒక్కదాని ప్రశ్న కాదు. మన సంఘాల ఆస్తులు, సంస్థల కొరకు అన్ని చోట్ల నడిచే వ్యాజ్యెములను చూస్తే, వాటిలో చాలా భాగము సిద్ధాంతము కొరకు కాదు, కుర్చీ కొరకే అని మీకే తెలుస్తుంది.

అపొస్తలుల కార్యములు 6వ అధ్యాయము మన వంటి వలస సంఘాలకు వ్రాసినట్టే ఉంటుంది. యెరూషలేము సంఘములో గ్రీకు భాష మాట్లాడే విధవరాండ్రకు అనుదిన పరిచర్యలో కొరత జరిగింది. భాషలో అల్పసంఖ్యాకులు సణిగారు. అపొస్తలులు ఏమి చేశారు? సణుగుట పాపమని వాక్యము చెప్పి నోరు మూయించలేదు. మాకు అధికారమున్నది అనలేదు. సంఘమంతటిని పిలిచారు. ఎటువంటివారు కావాలో ముందుగా గుర్తులు చెప్పారు: మంచి పేరు, ఆత్మ, జ్ఞానము. ఎన్నికను సంఘము చేతికి ఇచ్చారు. ఎన్నికైన ఏడుగురి పేర్లు చూడండి, అన్నీ గ్రీకు పేర్లే. ఫిర్యాదు చేసిన ప్రక్కవారి చేతికే సంఘము సంచిని అప్పగించింది.

రాజ్యాంగము మనకు 30వ అధికరణము ఎందుకిచ్చింది? బలవంతులైన ఎక్కువమంది బలహీనులైన తక్కువమందిని త్రొక్కివేయకుండుటకు. అటువంటి హక్కును చేతిలో పట్టుకొని, కమిటీ గదిలో పదిమందిమి కలిసి ఒక్క ఉపాధ్యాయురాలిని త్రోసివేస్తే, ఆ గదిలో అల్పసంఖ్యాకులు ఎవరు? ఆమె ఒక్కతే. మన గొడుగు క్రింద నిలబడుటకు అందరికంటె ఎక్కువ హక్కు ఉన్నది ఆమెకే. మనమేమో ఆ గొడుగు కాడతోనే ఆమెను కొట్టాము.

ఏమి చేయవచ్చును?

పెద్ద మాటలు చెప్పి చిన్న పనులు చెప్పకపోతే వ్యాసము వ్రాసి లాభము లేదు. మన సంఘాలలో పాఠశాల కమిటీలలో ఉన్నవారి ఎదుట కొన్ని విన్నపములు ఉంచుచున్నాను.

మొదటిది, పదవి ఖాళీ కాకముందే ఎంపిక నియమములు వ్రాసి ఉంచండి. సర్వీసుకు ఎంత విలువ, అర్హతలకు ఎంత, బోధనకు ఎంత అన్నది ముందే తెలియాలి. పేర్లు తెలిసిన తరువాత వ్రాసే నియమము నియమము కాదు. ఆ నియమములను ఉపాధ్యాయుల గదిలో అతికించండి.

రెండవది, బంధువు పేరు వచ్చినప్పుడు ఆ సభ్యుడు గది బయటికి వెళ్లాలి. ఓటు వేయకుండా కూర్చొనుట చాలదు. కూర్చున్నా మిగిలినవారి నోరు లేవదు. ఇది నేను చూసి చెప్పుచున్నాను.

మూడవది, సీనియరును దాటవలసివస్తే, కారణమును వ్రాతమూలముగా ఆయనకు ఇవ్వండి, ఇచ్చే ముందు ఆయన మాట వినండి. కాగితము మీద వ్రాయుటకు మీకు సిగ్గు కలిగించే కారణమైతే అది కారణము కాదని తెలుసుకొనండి.

నాల్గవది, అసోసియేషన్ పక్షముగా ముగ్గురు పెద్దలను, ఆ పాఠశాలతోను ఆ ఊరితోను సంబంధము లేనివారిని, ఫిర్యాదులు వినుటకు నియమించుకొందాము. చిక్కబళ్ళాపురము వివాదమును చింతామణివారు, చింతామణి వివాదమును బాగేపల్లివారు వినవచ్చును. ముగ్గురిలో ఒకరైనా ఉపాధ్యాయవృత్తిలో ఉన్న సహోదరి కావాలి. మూడు నెలలలో చెప్పవలసినది చెప్పాలి. అప్పటికీ తృప్తి కలగనివారు కోర్టుకు వెళ్తే వారిని బెంచీలో ఒంటరిగా కూర్చోబెట్టకూడదు. వారి సండేస్కూలు తరగతి వారి దగ్గరనే ఉండాలి.

ఉపాధ్యాయులైన సహోదరులకు కూడ ఒక మాట. ప్రతి నిరాశ అన్యాయము కాదు. మనకంటె చిన్నవాడు నిజముగా తగినవాడై ఎన్నికైనప్పుడు అతని క్రింద సంతోషముగా పనిచేయుట కూడ సాక్ష్యమే. పిల్లలు గమనిస్తారు. స్టాఫ్ రూములో మాటలు లేని రెండు వర్గాలు ఉన్న పాఠశాలలో ఏ పాఠమూ సరిగా సాగదు. కాని అన్యాయము జరిగిందని మీ మనస్సాక్షి చెప్పినప్పుడు, నెమ్మదిగా, ఆధారములతో, అడగండి. అడుగుటకు భయపడే సంఘము ప్రభువు కోరిన సంఘము కాదు.

గత సంవత్సరము నేను ఆ సహోదరి ఇంటికి వెళ్లాను. వెళ్లుటకు ఇంతకాలము ఎందుకు పట్టిందో నాకే తెలియదు. వసారాలో కూర్చొని, ఆ రోజు నేను చేయి ఎత్తినది తప్పని, తరువాత మాట్లాడకపోయినది అంతకంటె పెద్ద తప్పని చెప్పాను. ఆమె కొంతసేపు ఏమీ అనలేదు. తరువాత, "నాకు ఆ కుర్చీ మీద అంత ఆశ లేదన్నా. నేను తగనని ఒక్కరైనా మొగముమీద చెప్పి ఉంటే ఇంటికి వెళ్లి ఏడ్చి ఊరుకొనేదాన్ని. ఎవరూ ఏమీ చెప్పకపోతే ఎక్కడికి పోవాలి?" అన్నది. క్షమించానని అనలేదు, క్షమించలేదనీ అనలేదు. ఈసారి కాఫీ ఇచ్చింది. లేచేటప్పుడు, "ఇక్కడ చెప్పారు, సంతోషము. కాని ఆ రోజు తీర్మానము అందరి ముందు చదివారు కదా" అన్నది.

ఫిలిప్పీ అధికారుల సంగతి నాకు అప్పుడు గుర్తుకు వచ్చింది. అందుచేతనే ఈ వ్యాసము వ్రాయుచున్నాను. పేర్లు లేకపోయినా, చదివేవారిలో తెలిసినవారికి తెలుస్తుంది. ఆ రోజు నేను చెప్పవలసిన మాటను ఈ రోజు అందరి ముందు చెప్పుచున్నాను. అమ్మా, మీరు కారణము అడిగారు. మా దగ్గర కారణము లేదు.

మనకప్పగింపబడిన వాటి లెక్క అడుగబడే దినమున, మన హక్కులను గూర్చి కాక, వాటితో మనము ఎవరిని కాపాడితిమో అడుగబడునని నమ్ముచున్నాను. న్యాయముగా నడుచుకొనుటకు ప్రభువు మన సంఘములకును, మన పాఠశాలలకును కృప దయచేయును గాక. ఆమెన్.